నెట్ లేని రోజు ఏ కన్సోల్ ఆడనిస్తుంది? పీఎస్5, ఎక్స్‌బాక్స్, స్విచ్: ఏది కొనాలి, ఎలా కొనాలి

పోయిన వానాకాలం మా ఊళ్లో రోడ్డు వెడల్పు పని అని జేసీబీతో తవ్వితే ఫైబర్ తెగింది. కేబుల్ అబ్బాయి "రేపు అన్నా, రేపు ఖాయం" అంటూ ఐదు రోజులు గడిపేశాడు. నేను పెద్దగా పట్టించుకోలేదు, పీఎస్5లో తొమ్మిది గేములు డౌన్‌లోడ్ అయి ఉన్నాయి కదా, వానలో ఇంతకన్నా ఏం కావాలి అనుకున్నాను. ఆన్ చేసి చూస్తే తొమ్మిదింట్లో ఆరింటి మీద తాళం గుర్తు. వంద జీబీ గేము మొత్తం నా కన్సోల్‌లోనే ఉంది, కానీ తెరుచుకోదు.

తప్పు నాదే. ఏడాది కిందట హైదరాబాద్‌లో ఉండే మా బావమరిది పీఎస్5 కొన్నప్పుడు, ఒకరు కొన్న గేము ఇద్దరం ఆడుకోవచ్చని నా అకౌంట్‌ను వాడి కన్సోల్‌లో పెట్టి ఒక సెట్టింగ్ మార్చాం. తర్వాత ఆ సంగతే మరిచిపోయాను. నెట్ ఉన్నన్నాళ్లూ తేడా తెలియలేదు. నెట్ పోయిన రోజు తెలిసింది, ధాన్యం మా గాదెలో ఉంది కానీ తాళంచెవి బావమరిది జేబులో ఉందని.

అందుకే "నెట్ లేకుండా ఏ కన్సోల్ బాగా పనిచేస్తుంది" అని ఎవరైనా అడిగితే ఇప్పుడు నేను ముందు ఎదురు ప్రశ్న వేస్తాను: గేము డిస్కు మీద కొంటారా, స్టోర్‌లో డౌన్‌లోడ్ చేస్తారా, లేక నెలవారీ సబ్‌స్క్రిప్షన్‌లో ఆడతారా? సోనీ పీఎస్5, మైక్రోసాఫ్ట్ ఎక్స్‌బాక్స్, నింటెండో స్విచ్, మూడు కంపెనీల కన్సోళ్లూ నెట్ లేకుండా ఆడనిస్తాయి. తేడా అంతా ఆడే హక్కు ఎక్కడ నమోదై ఉందన్న దాంట్లోనే ఉంది. డౌన్‌లోడ్ చేసింది గేము ఫైలు మాత్రమే, దాన్ని తెరిచే లైసెన్స్ వేరే. స్టోర్‌లో "కొను" అనే బటన్ నొక్కినా మనం కొనేది లైసెన్సే. ఈ సంగతి కొనేవాళ్లకు స్పష్టంగా చెప్పాలని కాలిఫోర్నియాలో చట్టమే చేశారు, 2025 జనవరి 1 నుంచి అమల్లోకి వచ్చింది. అందులో ఒక మినహాయింపు ఉంది: ఒకసారి దించుకున్నాక నెట్ లేకుండా శాశ్వతంగా వాడుకోగలిగే సరుకుకు ఆ హెచ్చరిక అక్కర్లేదు. అంటే నెట్ లేకుండా శాశ్వతంగా ఆడగలగడాన్ని ఆ చట్టం కూడా వేరే తరగతిగా లెక్కేసిందన్నమాట.

డిస్కు కొంటే గొడవ లేదా?

చాలావరకు లేదు. పీఎస్5లో డిస్కు పెడితే గేము కన్సోల్ లోపలి స్టోరేజీలోకి (ఎస్‌ఎస్‌డీ) ఇన్‌స్టాల్ అవుతుంది, ఆ తర్వాత ఆడినప్పుడల్లా డిస్కు డ్రైవ్‌లో ఉంటే చాలు, ఆ డిస్కే మీ లైసెన్స్. అకౌంట్ ఎవరిది, సెట్టింగ్ ఎక్కడుంది అన్న పేచీ ఉండదు. ఆ ఐదు రోజులూ నన్ను కాపాడింది డిస్కు మీద ఉన్న మూడు గేములే. పైగా ఆడేశాక అమ్మేయొచ్చు. సికింద్రాబాద్‌లో సీటీసీ కంప్యూటర్ దుకాణాల వైపు వెళ్లి బేరమాడే ఓపిక ఉన్నవాళ్లకు, ఐదు వేల దాకా పెట్టి కొత్త గేము కొని ఆడేసి, అమ్మి, ఆ డబ్బులతో ఇంకొకటి తెచ్చుకోవడం మనవాళ్లకు బాగా అలవాటైన లెక్కే. డౌన్‌లోడ్ గేముకు రెండో బేరం ఉండదు.

కానీ డిస్కు అన్నంత మాత్రాన గేమంతా అందులో ఉందని నమ్మకండి. 2022లో వచ్చిన కాల్ ఆఫ్ డ్యూటీ మోడర్న్ వార్‌ఫేర్ 2 డిస్కులో ఉన్నది 70 ఎంబీ చిల్లర, మిగతాదంతా డౌన్‌లోడే. 2025 మేలో వచ్చిన డూమ్ ద డార్క్ ఏజెస్ పీఎస్5 డిస్కుదీ అదే కథ, 85 ఎంబీ. మన పెళ్లి వీడియో క్లిప్పు కూడా అంతకన్నా పెద్దదే ఉంటుంది. కాబట్టి డిస్కు కొనేముందు ఆ గేము పేరుతో పాటు "డజ్ ఇట్ ప్లే" అని వెతకండి. ఏ డిస్కు నెట్ లేకుండా మొదటి నుంచి చివరిదాకా ఆడుతుందో స్వయంగా పరీక్షించి చెప్పే బృందం అది. కవర్ మీద సన్న అక్షరాల్లో డౌన్‌లోడ్ తప్పనిసరి అని రాసి ఉందేమో కూడా చూడండి, చాలాసార్లు అక్కడే దొరుకుతుంది.

కన్సోల్ కొనేటప్పుడు కూడా ఒక మెలిక ఉంది. 2023 చివర్లో వచ్చిన సన్నటి పీఎస్5 మోడల్‌కు డిస్కు డ్రైవ్ విడదీసేలా ఉంటుంది, అది మొదటిసారి కన్సోల్‌తో జత కావాలంటే ఒకసారి నెట్ కావాలి. డ్రైవ్ లేని డిజిటల్ ఎడిషన్ కొని తర్వాత డ్రైవ్ తగిలిద్దాం అనుకునేవాళ్లు ఆ ఒక్కసారికి హాట్‌స్పాట్ సిద్ధం చేసుకోండి. 2024 నవంబర్‌లో వచ్చిన పీఎస్5 ప్రోలో డ్రైవ్ అసలు రాదు, విడిగా కొనాలి. ఎక్స్‌బాక్స్ సిరీస్ ఎస్‌కైతే డ్రైవ్ లేదు, తగిలించుకునే దారీ లేదు. ఇంట్లో నెట్ లేనివాళ్లు చవకని సిరీస్ ఎస్ తెచ్చుకుంటే ప్రతి గేముకూ డౌన్‌లోడ్ మీదే బతకాలి. పాత ఎక్స్‌బాక్స్ 360 డిస్కులు అటక మీద ఉన్నాయి, డ్రైవ్ ఉన్న సిరీస్ ఎక్స్‌లో పెడితే ఆడతాయిగా అని ఆశపడేవాళ్లకు కూడా ఒక మాట: ఆడతాయి, కానీ డిస్కు అక్కడ తాళంచెవి మాత్రమే, గేమును కన్సోల్ మొదట నెట్ నుంచి దించుకుంటుంది.

పీఎస్5: ఒక్క సెట్టింగ్ మీద ఆధారపడిన కాపురం

డౌన్‌లోడ్ గేములకు పీఎస్5లో ఉన్న నియమం సులభమైనదే, మనం మరిచిపోవడమే సమస్య. సెట్టింగ్స్‌లో యూజర్స్ అండ్ అకౌంట్స్, అందులో అదర్, అందులో కన్సోల్ షేరింగ్ అండ్ ఆఫ్‌లైన్ ప్లే. ఒక అకౌంట్‌కు ఒక పీఎస్5లోనే ఇది ఆన్ చేయగలం. ఆన్ ఉన్న కన్సోల్‌లో మీ గేములు నెట్ లేకున్నా తెరుచుకుంటాయి, ఇంట్లో ఇంకెవరి యూజర్‌తోనైనా ఆడొచ్చు. ఆన్ లేని కన్సోల్‌లో మీరు లాగిన్ అయి, నెట్ ఉండి, అటువైపు సర్వర్ కూడా బతికుంటేనే ఆట. పీఎస్4లో దీన్నే ప్రైమరీ అనేవాళ్లు, మనవాళ్లు ఇప్పటికీ ఆ మాటే వాడతారు. పీఎస్4కు వేరుగా ఒకటి, పీఎస్5కు వేరుగా ఒకటి పెట్టుకోవచ్చు కాబట్టి ఇంట్లో పాతదీ కొత్తదీ రెండూ ఉన్నవాళ్లకు ఇబ్బంది లేదు.

"మా ఇంట్లో నెట్ ఎప్పుడూ పోదు, నాకెందుకు ఇదంతా" అనేవాళ్లు 2025 ఫిబ్రవరిని గుర్తు తెచ్చుకోండి. సోనీ ఆన్‌లైన్ నెట్‌వర్క్ పీఎస్ఎన్ దాదాపు ఒక రోజంతా పడిపోయింది. ఇంట్లో వైఫై బ్రహ్మాండంగా ఉన్నా, ఈ సెట్టింగ్ వేరే కన్సోల్‌లో ఉన్నవాళ్లు తమ డౌన్‌లోడ్ గేములు తెరవలేకపోయారు. ఆ తర్వాత సోనీ తన సబ్‌స్క్రిప్షన్ పీఎస్ ప్లస్ సభ్యులకు ఐదు రోజులు అదనంగా ఇచ్చింది. 2011లోనైతే ఆ నెట్‌వర్క్ మూడు వారాలకు పైగా మూతపడింది. ఇలాంటివి ఏడాదికోసారి కూడా జరగవు నిజమే, కానీ జరిగేది మాత్రం సరిగ్గా శనివారమే అనిపిస్తుంది.

ప్లస్‌లో నెలనెలా వచ్చే గేముల సంగతి వేరు. అవి సొంతం కావు, సభ్యత్వం ఉన్నన్నాళ్ల అద్దె. గడువు తేదీ దాటిన తర్వాత మీరు డబ్బు కట్టారో లేదో నెట్ లేని కన్సోల్‌కు తెలిసే మార్గం లేదు, తాళం వేసేస్తుంది. లైసెన్సుల లెక్క తప్పినట్టు అనిపిస్తే అదే అదర్ మెనూలో రీస్టోర్ లైసెన్సెస్ అని ఉంటుంది, నొక్కితే సరిపోతుంది, కానీ దానికీ నెట్ కావాలి. వైద్యుడి దగ్గరకు వెళ్లడానికి ముందు ఆరోగ్యంగా ఉండాలన్నట్టుంటుంది ఈ వ్యవహారం.

సెకండ్‌హ్యాండ్ పీఎస్4 కొంటున్నవాళ్లకు ఇంకొకటి చెప్పాలి. పీఎస్4లో గడియారం నడిపే చిన్న బిళ్ల బ్యాటరీ ఒకటి ఉంటుంది, సీఆర్2032, మన పాత కంప్యూటర్లలో ఉండేదే. అది అయిపోయి, సోనీ సర్వర్‌ను కూడా అందుకోలేకపోతే గేములు తెరుచుకునేవి కావు, డిస్కు గేములు కూడా. గేములో ఏదైనా సాధిస్తే వచ్చే ట్రోఫీలకు తేదీ వేయడానికి సరైన టైము కావాలి, అదీ కారణం. 2021 సెప్టెంబర్‌లో వచ్చిన 9.00 అప్‌డేట్‌తో ఇది పోయింది. కాబట్టి పాత పీఎస్4 బేరమాడేటప్పుడు సాఫ్ట్‌వేర్ వెర్షన్ చూడండి. ఇంట్లో నెట్ లేకపోతే అప్‌డేట్ ఫైలును ఎక్కడైనా కంప్యూటర్‌లో దించి, పెన్‌డ్రైవ్‌తో ఎక్కించొచ్చు. పీఎస్5కూ ఈ సౌకర్యం ఉంది.

ఎక్స్‌బాక్స్: పాత పాపం ఇంకా వెంటాడుతోంది

2013లో ఎక్స్‌బాక్స్ వన్ ప్రకటించినప్పుడు మైక్రోసాఫ్ట్ పెట్టిన షరతు గుర్తుందా? 24 గంటలకోసారి కన్సోల్ నెట్‌కు కనెక్ట్ అవ్వాలి, లేకపోతే డిస్కు గేమైనా ఆడదు. నెట్ సరిగా లేనివాళ్ల సంగతేంటని అడిగితే, వాళ్లకు ఎక్స్‌బాక్స్ 360 ఉంది కదా అని ఆ విభాగం అధిపతి డాన్ మాట్రిక్ జవాబిచ్చారు. జనం మండిపడ్డారు, ఆ ఏడాది ఈ3 గేముల ప్రదర్శన వేదిక మీద సోనీ మా దగ్గర అలాంటి షరతులేం లేవని చప్పట్లు కొట్టించుకుంది, జూన్ 19కల్లా మైక్రోసాఫ్ట్ వెనక్కి తగ్గింది. ఆ దెబ్బకు "ఎక్స్‌బాక్స్ అంటే నెట్ ఉండాల్సిందే" అన్న ముద్ర మిగిలిపోయింది, ఇప్పుడది చాలావరకు నిజం కాదు. సిరీస్ ఎక్స్‌లో ఎక్స్‌బాక్స్ వన్ డిస్కు పెడితే మొదటిసారి ఆన్‌లైన్ తనిఖీ జరిగేది, 2022లో చాలా గేములకు దాన్నీ తీసేశారు.

డౌన్‌లోడ్ గేములకు ఇక్కడ ఉన్నది హోమ్ ఎక్స్‌బాక్స్. సెట్టింగ్స్‌లో జనరల్, పర్సనలైజేషన్, మై హోమ్ ఎక్స్‌బాక్స్. పని తీరు పీఎస్5 లాంటిదే, కాకపోతే ఏడాదికి ఐదుసార్లే మార్చుకోవచ్చు. ఇంటికీ హాస్టల్‌కీ మధ్య రెండు కన్సోళ్లు తిప్పేవాళ్లు ఆ లెక్క చూసుకోవాలి. ఇంకొకటి, కొత్త కన్సోల్ పెట్టె తెరిచిన రోజు మొదటి సెటప్‌కు నెట్ తప్పదు. పల్లెలో నెట్ లేని తమ్ముడికి కానుకగా ఇవ్వాలనుకుంటే ముందు మీ ఇంట్లోనే సెటప్ చేసి, అప్‌డేట్లు ఎక్కించి పంపండి. పీఎస్5ను అయితే నెట్ లేకుండానే మొదలుపెట్టొచ్చు, అందులో ముందే ఎక్కించి ఉన్న ఆస్ట్రోస్ ప్లేరూమ్ ఆడుకోవచ్చు కూడా.

ఎక్స్‌బాక్స్ సబ్‌స్క్రిప్షన్ గేమ్ పాస్ గురించి నా మాట సూటిగా చెబుతాను. నెట్ బాగున్నవాళ్లకు అంతకన్నా మంచి బేరం లేదు. డౌన్‌లోడ్ చేసుకున్న గేమ్ పాస్ గేములను హోమ్ ఎక్స్‌బాక్స్‌లో నెట్ లేకుండా 30 రోజుల దాకా ఆడుకోవచ్చు, ఈలోపు ఒకసారి కనెక్ట్ అయితే మళ్లీ లెక్క మొదలవుతుంది. వినడానికి బాగానే ఉంది. కానీ గేమ్ పాస్ ఆకర్షణ అంతా ఇది కాకపోతే ఇంకొకటి అంటూ గేములు మార్చి మార్చి చూడటంలో ఉంది, ప్రతి మార్పుకూ 60, 80 జీబీ దించాలి. నెట్ తక్కువగా ఉన్నవాడికి అది బఫే భోజనానికి వెళ్లి ఒక్కటే ఇడ్లీ తినడం లాంటిది, డబ్బు పూర్తిగా కట్టి.

స్విచ్: ప్రయాణాలకు ఇదే, కానీ కొత్త కార్డులతో జాగ్రత్త

పాత స్విచ్ కార్ట్రిడ్జ్ (చిన్న గేము కార్డు) అంత సుఖం ఇంకెక్కడా లేదు. పెట్టు, ఆడు. చాలా గేములు కార్డులోనే మొత్తం ఉంటాయి, జెల్డా టియర్స్ ఆఫ్ ద కింగ్‌డమ్ అంత పెద్ద ప్రపంచం 16 జీబీ చిల్లరలో ఇమిడిపోయింది. పీఎస్5లో ఒక్క రెడ్ డెడ్ రిడెంప్షన్ 2కు పట్టే చోటులో ఇలాంటివి ఆరేడు పడతాయి. విశాఖ నుంచి సికింద్రాబాద్ రాత్రి రైల్లో, సిగ్నల్ వస్తూ పోతూ ఉండే చోట, నేను చూసినంతలో దీనికి పోటీ లేదు. చేతిలో పట్టుకుని పీసీ గేములు ఆడే స్టీమ్ డెక్ ఉన్నవాళ్లు నాతో గొడవకు రాకండి, దాని ఆఫ్‌లైన్ మోడ్ కూడా బాగుంది, కాకపోతే ప్రతి గేమునూ ఇంట్లో నెట్ ఉండగా ఒకసారి తెరిచి చూసుకుని బయల్దేరాలి. ప్లేస్టేషన్ పోర్టల్‌ను మాత్రం ఈ జాబితాలో కలపకండి. చేతిలో పట్టుకునేదే అయినా గేములు దానిలో దిగవు, వైఫై లేకపోతే అది ఖరీదైన పలక.

స్విచ్ 2 2025 జూన్ 5న వచ్చింది, దాంతో పాటు గేమ్ కీ కార్డు అనేది కూడా. చూడటానికి మామూలు కార్డే, లోపల గేము ఉండదు. మొదటిసారి పెట్టినప్పుడు గేమంతా నెట్ నుంచి దించుకోవాలి, ఆ తర్వాత నెట్ అక్కర్లేదు కానీ ఆడినప్పుడల్లా కార్డు మాత్రం లోపల ఉండాలి. డిస్కు కష్టమూ డౌన్‌లోడ్ కష్టమూ రెండూ కలిపి ఇచ్చారు. అమ్ముకోవచ్చు అన్నదొక్కటే దానికి మిగిలిన పుణ్యం. పెట్టె ముందువైపు కింద తాళంచెవి బొమ్మతో రాసి ఉంటుంది, చూసి కొనండి. మన దేశంలో చాలావరకు దిగుమతి సరుకే దొరుకుతుంది కాబట్టి బిల్లు, వారంటీ సంగతి దుకాణం వాడితో ముందే తేల్చుకోండి.

డౌన్‌లోడ్ గేములకు నింటెండో 2025 ఏప్రిల్ చివర్లో పద్ధతి మార్చి వర్చువల్ గేమ్ కార్డులు తెచ్చింది. మీ అకౌంట్‌కు రెండు కన్సోళ్ల దాకా కలపొచ్చు, ఒక గేము కార్డు ఒక సమయంలో ఒక దాంట్లోనే ఉంటుంది, ఏ దాంట్లో ఉంటే అక్కడ నెట్ లేకుండా ఆడుతుంది. ఒక దాంట్లోంచి తీసి ఇంకో దాంట్లో పెట్టేటప్పుడే నెట్ కావాలి. ఫ్యామిలీ గ్రూపులో ఉన్నవాళ్లకు 14 రోజులు అప్పుగా ఇవ్వొచ్చు, గడువు దాటగానే దానంతట అదే తిరిగొస్తుంది. అప్పిచ్చిన పుస్తకాలకు కూడా ఈ సౌకర్యం ఉంటే ఎంత బాగుండేదో. నా అభిప్రాయంలో మూడింట్లో ఇదే నిజాయితీ ఉన్న పద్ధతి, ఎందుకంటే లైసెన్స్ ఏ కన్సోల్‌లో ఉందో కళ్లకు కనిపిస్తుంది, గేము గేముకూ విడిగా నిర్ణయించుకోవచ్చు. పీఎస్5లో అకౌంట్ మొత్తానికి ఒకటే తాళం. స్విచ్ ఆన్‌లైన్ సభ్యత్వంలో వచ్చే పాత క్లాసిక్ గేములను మాత్రం వారానికోసారి నెట్‌కు చూపించాలి.

కన్సోల్ తప్పు లేకున్నా గేమే ఆడనివ్వదు

పైవన్నీ సరిగ్గా చేసుకున్నా గేమే నెట్ అడిగితే ఏం చేయలేం. గ్రాన్ టూరిజ్మో 7ను చాలామంది కారు గేము కదా, ఒంటరిగా ఆడేదే కదా అని కొంటారు. నెట్ లేకపోతే అందులో మిగిలేది కొద్దిపాటి ఆర్కేడ్ రేసులే, అసలు కెరీర్ అంతా సర్వర్ మీదే నడుస్తుంది. 2022 మార్చిలో అప్‌డేట్ బెడిసికొట్టి సర్వర్లు 30 గంటలకు పైగా మూతపడితే డబ్బు పెట్టి కొన్నవాళ్లంతా చేతులు ముడుచుకుని కూర్చున్నారు. తర్వాత గేములో వాడే క్రెడిట్లు పది లక్షలు పరిహారంగా ఇచ్చారు. డయాబ్లో 4 ఒక్కరే ఆడినా నెట్ ఉండాల్సిందే. చిత్రమేంటంటే దాని ముందు భాగం డయాబ్లో 3 కన్సోళ్లలో నెట్ లేకుండా హాయిగా ఆడుతుంది. కాల్ ఆఫ్ డ్యూటీ బ్లాక్ ఆప్స్ 6 కథ ఆడటానికి కూడా కనెక్షన్ వదలకూడదు. అన్నిటికన్నా ఘోరం ద క్రూ అనే కారు రేసుల గేము. దాని కంపెనీ యూబీసాఫ్ట్ 2024 మార్చి 31న సర్వర్లు ఆపేసింది, డిస్కు కొన్నవాడికీ డౌన్‌లోడ్ చేసుకున్నవాడికీ ఒకేలా గేము చచ్చిపోయింది. ఆ కోపంలోంచే స్టాప్ కిల్లింగ్ గేమ్స్ అనే ఉద్యమం పుట్టింది.

ఇటువైపు నిశ్చింతగా కొనగలిగేవి కూడా చాలా ఉన్నాయి. గాడ్ ఆఫ్ వార్ రాగ్నరాక్, స్పైడర్‌మ్యాన్ 2, ఘోస్ట్ ఆఫ్ సుషిమా, విచర్ 3, ఎల్డెన్ రింగ్. ఎల్డెన్ రింగ్‌లో నెట్ లేకపోతే వేరే ఆటగాళ్లు రాసిన సందేశాలు కనిపించవు, సగం అబద్ధాలే కాబట్టి అదీ మంచిదే. జీటీఏ 5 కథ ఆడుతుంది, ఆన్‌లైన్ భాగం ఆడదు. ఫుట్‌బాల్ గేము ఈఏ ఎఫ్‌సీలో కెరీర్, ఇద్దరు పక్కపక్కన కూర్చుని ఆడే కిక్ ఆఫ్ నడుస్తాయి, అల్టిమేట్ టీమ్ నడవదు. క్రికెట్ 24 కొనేవాళ్లు, జనం తయారుచేసి పెట్టిన ఆటగాళ్లనూ జట్లనూ నెట్ ఉన్న రోజే దించుకోండి, తర్వాత ఐపీఎల్ సీజన్ మధ్యలో నెట్ పోయి ముఖాలు తెలియని జట్టుతో ఆడాల్సి రాకూడదు.

చవక అకౌంట్లు కొనేముందు

ఇది మన దగ్గర బాగా నడుస్తున్న వ్యాపారం కాబట్టి విడిగా చెప్పాలి. "ప్రైమరీ రెండు వేలు, సెకండరీ వెయ్యి" అంటూ గేము ఉన్న అకౌంట్‌ను పంచి అమ్ముతుంటారు. సెకండరీ అంటే ఏమిటో ఇప్పటిదాకా చదివినవాళ్లకు అర్థమై ఉంటుంది: నెట్ లేని క్షణం ఆ గేము లేనట్టే. ప్రైమరీ అని అమ్మినా, అదే అకౌంట్‌ను అమ్మినవాడు రేపు ఇంకొకడి కన్సోల్‌లో ఆన్ చేస్తే మీ దాంట్లో తాళం పడుతుంది, పాస్‌వర్డ్ వాడి దగ్గరే ఉంది మరి. ఎవరికి ఫిర్యాదు చేస్తారు? అకౌంట్ అమ్మడమే కంపెనీ నిబంధనలకు విరుద్ధం. ఆ వెయ్యి రూపాయలకు ఇంకొంచెం కలిపి పాత డిస్కు కొనుక్కోండి, కనీసం చేతిలో వస్తువు ఉంటుంది.

నెట్ ఉన్న రోజే చేసుకోవాల్సిన పనులు

లెక్క చూద్దాం. రోజుకు 2 జీబీ వచ్చే ఫోన్ ప్యాక్‌తో వంద జీబీ గేము దించాలంటే 50 రోజులు. 100 ఎంబీపీఎస్ ఫైబర్ ఉన్న ఇంట్లో అదే గేము రెండుంబావు గంటల్లో దిగుతుంది. అందుకని ఇంట్లో నెట్ లేనివాళ్లు కన్సోల్‌నే సంచిలో పెట్టుకుని నెట్ ఉన్న చుట్టాల ఇంటికి పోవడం ఉత్తమం, పండక్కి వెళ్లినప్పుడు టీవీ వెనకాల పెట్టేసి వదిలేస్తే తెల్లారేసరికి నాలుగు గేములు దిగి ఉంటాయి. వాళ్ల ప్లాన్‌కు నెలవారీ పరిమితి ఎంతో ముందే అడగండి, లేకపోతే పండగ సంబరం అక్కడితో ఆగిపోతుంది.

లైసెన్స్ తనిఖీకి మాత్రం ఇంత నెట్ అక్కర్లేదు, ఫోన్ హాట్‌స్పాట్ చాలు. ఇక్కడే నేను రెండో దెబ్బ తిన్నాను. మా ఇంట్లో ఫోన్ సిగ్నల్ డాబా మీదే వస్తుంది. మూడో రోజు ఫోన్‌ను పైన మెట్ల గది కిటికీలో పెట్టి హాట్‌స్పాట్ ఆన్ చేసి, కింద హాల్లో ఉన్న పీఎస్5ను దానికి కలిపాను. సెట్టింగ్ మార్చడానికి మూడు నిమిషాలు పట్టిందేమో, ఈలోపే కన్సోల్ ఏదో గేముకు అప్‌డేట్ మొదలుపెట్టి ఆ రోజు డేటా మొత్తం మింగేసింది. హాట్‌స్పాట్ కలిపేముందు ఆటోమేటిక్ అప్‌డేట్లు ఆపేయండి, గేములకూ, సిస్టమ్‌కూ.

ఇంకొకటి, అన్నీ సర్దుకున్నాం అనుకున్నాక ఒకసారి కావాలని నెట్ ఆపి, కన్సోల్ పూర్తిగా ఆఫ్ చేసి ఆన్ చేసి, ప్రతి గేమునూ తెరిచి చూడండి. టైటిల్ స్క్రీన్ వస్తే చాలదు, సేవ్ చేసిన ఆట లోడ్ అవ్వాలి. పదిహేను నిమిషాల పని. తాళాలు, వేరే డౌన్‌లోడ్ అడిగే గేములు, లాగిన్ అడిగే కంపెనీ అకౌంట్లు అన్నీ అప్పుడే బయటపడతాయి. ట్రోఫీలు, అచీవ్‌మెంట్లు పోతాయేమో అని టెన్షన్ వద్దు, నెట్ లేనప్పుడు వచ్చినవి కన్సోల్‌లో ఉండి తర్వాత సింక్ అవుతాయి.

మరి ఏది కొనాలి?

ఇంట్లో నెట్ అసలు లేదంటే డిస్కు డ్రైవ్ ఉన్న పీఎస్5, రెండో ఆలోచన వద్దు. పాత డిస్కులు ఎక్కువ దొరికేవి దానికే, సన్నటి మోడల్‌లో డ్రైవ్ జత చేసే ఆ ఒక్కసారి తప్ప సెటప్‌కు కూడా నెట్ అడగదు. నెట్ ఉండి వారం పది రోజులకోసారి పోయేవాళ్లు పీఎస్5 అయినా ఎక్స్‌బాక్స్ అయినా ఒకటే, మీ స్నేహితుల దగ్గర ఏదుంటే అది తీసుకోండి, ప్రైమరీ మీ ఇంట్లో ఉంచుకోండి. షిఫ్టుల్లో తిరిగేవాళ్లు, హాస్టల్ పిల్లలు, రిగ్గు మీదో ఓడలోనో పనిచేసేవాళ్లు స్విచ్ తీసుకోండి, గేమ్ కీ కార్డులు కాకుండా పూర్తి కార్డులు చూసి కొనండి, బయల్దేరే ముందు డౌన్‌లోడ్ గేములు అందులోకి లోడ్ చేసుకోండి. సిరీస్ ఎస్, గేమ్ పాస్ జోడీ మాత్రం నెట్ కచ్చితంగా ఉండే ఊళ్లో ఉన్నవాళ్లకే. గల్ఫ్‌లోనో అమెరికాలోనో ఉన్న అన్నయ్య కన్సోల్ పంపిస్తానంటే వద్దనకండి, కానీ అక్కడి నుంచి వచ్చేటప్పుడే సెటప్ చేసి, నాలుగు గేములు ఎక్కించి, మీ అకౌంట్‌తో హోమ్‌గా పెట్టి తెమ్మనండి.

ఇద్దరు కలిసి గేములు పంచుకునేవాళ్లయితే, ప్రైమరీ ఎప్పుడూ నెట్ బాగాలేని ఇంటికే ఇవ్వాలి. నెట్ బాగున్నవాడు రెండోదాంట్లో లాగిన్ అయి ఆడుకుంటాడు, వాడికి తేడా తెలియదు. మేం సరిగ్గా తిరగేసి చేశాం. ఆ రోజు డాబా మీద హాట్‌స్పాట్‌తో నా దాంట్లో ఆన్ చేయగానే వాడి దాంట్లో ఆఫ్ అయిపోయింది, పావుగంటలో ఫోను. "బావా, నా గేములన్నిటికీ తాళాలు పడ్డాయి, ఏమైంది?" అన్నాడు. మీ ఇంట్లో నెట్ ఉందిగా, నా అకౌంట్ తెరిచి ఆడుకోరా అన్నాను. పాస్‌వర్డ్ మరిచిపోయానన్నాడు. నాకు మాత్రం గుర్తుంటే కదా.